రీల్లో పరుగెత్తే పిల్ల

కథ ఆగిన చోటికి ఒక్క అడుగు వెనక్కి వేసి చూద్దాం. సోమవారం మధ్యాహ్నం, అరబ్బు దేశంలో, రూవిలోని వీడియో స్టూడియోలో ఇక్బాలున్నీసా చేతిలోంచి పెన్ను జారి కిందపడింది. పాత ఫిల్ములు వేసి చూసి, ఏ నిమిషంలో ఏ బొమ్మ ఉందో కాగితం మీద రాసిపెట్టడం ఆమె ఉద్యోగం. కుష్ఠురోగం మందులను తొలిరోజుల్లో ఎలా పరీక్షించారో చెప్పే డాక్యుమెంటరీ ఒకటి డైరెక్టర్ సుబ్బారావు తీస్తున్నాడు. దానికోసం విదేశంలోని ఒక సంస్థ దాచిన ఆరు రీళ్లు వచ్చాయి. ఆరూ 1955, 56లలో కడప జిల్లాలో, ఏటి ఒడ్డునున్న ఒక ఆస్పత్రిలో తీసినవి. నాలుగో రీల్లో, జుట్టు పొట్టిగా కత్తిరించిన పదేళ్ల పిల్ల తెర మీదికి పరుగెత్తుకుంటూ వచ్చింది. ఆ పిల్ల తానే. జ్వరంగా ఉందని చెప్పి ఇక్బాలున్నీసా మెట్లు దిగి వెళ్లిపోయింది.

తర్వాత రెండు రోజులూ గది దాటలేదు.

గది అంటే మత్రాలో, సూక్ బజారు వెనక సందులో, తహ్సీన్ వాళ్ల ఫ్లాటులో వంటింటి పక్కనున్నది. భర్త పోయాక మూడేళ్లుగా అందులోనే అద్దెకుంటోంది. తహ్సీన్‌ది హైదరాబాదు. బుధవారం సాయంత్రం తలుపు దగ్గర నిలబడి, "క్యా హువా ఆపా? ఖానా భీ నై ఖా రయ్యే?" అని అడిగి, గంజి గ్లాసు స్టూలు మీద పెట్టి పోయింది. ఆ గ్లాసు చుట్టూ చిన్న చిన్న బాతుల బొమ్మలున్నాయి. అది తహ్సీన్ పిల్లలు పాలు తాగే గ్లాసు. సంగతి తెలిస్తే తహ్సీన్ దీన్ని కడిగి మళ్లీ పిల్లలకిస్తుందా అని ఇక్బాలున్నీసా ఆలోచించింది. తహ్సీన్ చెడ్డది కాదు. కానీ చిన్నప్పుడు తన కంచాన్ని కర్రతో దూరంగా నెట్టినవాళ్లు కూడా చెడ్డవాళ్లు కారు. వాళ్లలో సొంత మేనత్త కూడా ఉంది.

ఈ సంగతి తెలిసిన మనిషి ఒక్కడే ఉండేవాడు. నిఖా అయిన మూడో రోజున తన ఎడమ మోచేతి దగ్గర స్పర్శ లేని చోటు చూపించి, ఆమె అజ్మత్‌కు అంతా చెప్పేసింది. వెళ్లిపొమ్మంటాడనుకుంది. అజ్మత్ చాలాసేపు ఆ చోటును బొటనవేలితో రుద్ది, "నాకు చెప్పినావు గదా, చాలు. ఇంగెవురికీ చెప్పాల్సిన పని లేదు" అన్నాడు. ఆ తర్వాత ఇరవై రెండేళ్లు ఆ మాట మళ్లీ ఎత్తలేదు. కాకపోతే పొయ్యి దగ్గర ఆమె మోచేయి కాలుతుందేమోనని ఎక్కడున్నా ఒక కన్ను అటే వేసి ఉంచేవాడు. సీబ్‌లో ఎలక్ట్రీషియన్ పని చేస్తూ, 1990లో ఒక శుక్రవారం నమాజుకు పోయి గుండె ఆగి అక్కడే కూలిపోయాడు. పిల్లలు లేరు. అతన్ని ఇక్కడి ఇసుకలోనే పూడ్చారు. మొగుడు పోయిన దుఃఖం ఒకటైతే, తన కథ తెలిసిన మనిషి భూమ్మీద ఇంకెవరూ లేకపోవడం ఇంకోటి. మొదటిది నలుగురితో చెప్పుకుని ఏడవగలిగింది. రెండోదాన్ని ఎవరికి చెప్పుకోగలదు?

గురువారం పొద్దున లేచి, స్నానం చేసి, ఉతికిన దుపట్టా కప్పుకుని చిల్లర డబ్బులకు ఎక్కించుకునే బైజా బస్సెక్కింది.

గురువారం స్టూడియోకు సెలవు. అయినా సుబ్బారావు ఉంటాడని ఆమెకు తెలుసు. శనివారం ఉదయం పెద్ద హోటల్లో డాక్టర్ల సదస్సు, అక్కడ మొట్టమొదట వేసేది ఈ ఫిల్మే. మూడో అంతస్తుకు ఎక్కేసరికి ఎడిటింగ్ గదిలో లైటు వెలుగుతోంది. సుబ్బారావుది రేపల్లె. నలభై దాటాయి. మంచివాడు, తొందర మనిషి. గడ్డం గీసుకుని మూడు రోజులైనట్టుంది.

"రండాపా! జ్వరం తగ్గిందా? సరిగ్గా టైముకి వచ్చారు" అని కుర్చీ జరిపాడు. స్టూడియోలో అందరూ ఆమెను అక్కా అన్నట్టు ఆపా అనే పిలుస్తారు. "ఫస్ట్ కాపీ అయిపోయింది. మీ లిస్టు లేకపోతే నేను ఈ రీళ్లల్లో మునిగిపోయేవాణ్ణి. కూచోండి, ఒక్కసారి చూసి ఎలా ఉందో చెప్పండి."

ఫ్లాస్కులోంచి రెండు గ్లాసుల్లో టీ పోసి, ఒకటి ఆమె ముందు పెట్టి క్యాసెట్టు నొక్కాడు.

మొదట మైక్రోస్కోపులు, సీసాలు, తెల్లకోటు దొరలు. తర్వాత ఆస్పత్రి వరండా. ఆ వరండా స్తంభాలు చూడగానే ఇక్బాలున్నీసాకు ముక్కులో సున్నం, ఫినాయిలు వాసన కొట్టింది. ఫిల్ము తీసినప్పుడు శబ్దం లేదు. ఇప్పుడు దాని మీద ఇంగ్లీషు గొంతు ఒకటి మెత్తగా నడుస్తోంది. ముప్పై ఒకటో నంబరు పిల్ల, మందు మొదలుపెట్టే ముందు అంది ఆ గొంతు. తెర నిండా ఒక ముఖం వచ్చింది. నుదురంతా గడ్డలు, కనుబొమలు రాలిపోయాయి, చెవి తమ్మెలు లావుగా వాచి ఉన్నాయి. ఆ పిల్ల కెమెరాను తిన్నగా చూస్తోంది.

ఆ బొమ్మ కరిగి, అందులోంచి ఇంకో బొమ్మ పుట్టుకొచ్చింది. ఎండలో, ఆస్పత్రి ఆవరణలో, నున్నని ముఖం పిల్ల చేతులు చాపి, నోరు బార్లా తెరిచి పరుగెత్తుకొస్తోంది. కింద నుంచి వయొలిన్లు లేచాయి. ఏడాది తర్వాత అదే పిల్ల అంది గొంతు. కొత్త మాత్ర ఆమెకు ముఖాన్నే కాదు, నవ్వును కూడా తిరిగి ఇచ్చిందట.

సుబ్బారావు ఆపాడు. "ఇదే గుండెకాయ ఆపా. ఈ పది సెకన్లు చూసి హాల్లో ఏడవనివాడుండడు."

"అది ఒక పిల్ల కాదు సార్" అంది ఇక్బాలున్నీసా. "ఇద్దరు."

"ఏవిటీ?"

"మొగం వాచిన పిల్ల వేరే. పరిగెత్తే పిల్ల వేరే. ఇద్దరినీ కలిపి ఒకటి చేసినారు మీరు."

సుబ్బారావు ఆమె ముఖంలోకి చూసి, లేచి, అలమర మీంచి రెండు రేకు డబ్బాలు దించాడు. ఒక్కోదానికీ తాడుతో కట్టిన అట్టముక్క ఉంది. "చూడండి. రెండింటి మీదా ముప్పై ఒకటే రాసుంది. నేను కల్పించింది కాదు. నలభై ఏళ్లుగా ఇలాగే ఉంది."

"రాసినోళ్లు తప్పు రాసినారు సార్. ఆ మొగం వాచిన పిల్ల ముప్పై రెండు. చెవులు చూడండి. మొదటి పిల్లకు చెవులు కుట్టలేదు. రెండో పిల్లకు రెండు పక్కలా పుల్లలున్నాయి."

అతను ముందుకూ వెనక్కూ తిప్పాడు. బొమ్మ ఆపి, కళ్లజోడు నుదుటి మీదికి నెట్టి, అద్దానికి ముక్కు ఆనేంత దగ్గరగా చూశాడు. చెవిలో వేపపుల్లలు చుక్కల్లా కనిపించాయి.

"ఏడాదిలో కుట్టించి ఉండొచ్చుగా" అన్నాడు. కానీ గొంతులో పట్టు లేదు.

"ఆ ఆస్పత్రిలో పెద్దరోగం పిల్లకు చెవులు కుట్టేదానికి ఎవురొస్తారు సార్?"

సుబ్బారావు కుర్చీలో వెనక్కి వాలాడు. పెన్సిలు అందుకుని తిప్పసాగాడు. "సరే ఆపా. ఇద్దరే అనుకుందాం. ఇప్పుడు నేనేం చెయ్యను? ఎల్లుండి పొద్దున షో. ఇది తీసేస్తే మధ్యలో గుంట పడుతుంది. మందు పనిచేసిందన్నది అబద్ధం కాదుగా? కోట్ల మంది బతికారు. ఆ మాట చెప్పడానికి ఒక ముఖం కావాలి. ముప్పై ఏడేళ్ల నాటి ఫిల్ము, ఆ పిల్లలు ఎక్కడున్నారో ఏవిటో. ఎవరికి నష్టం చెప్పండి?"

"ఒక పిల్లకు మాత్ర ఇచ్చినారు. ఇంకో పిల్లకు పాత నూనె సూది వేసినారు. ఎవురు బాగవుతారో చూద్దామని. ఇప్పుడు మీరు ఇద్దరినీ ఒకే పిల్లను చేస్తే, బాగుగాని పిల్ల యాడికి పోయినట్టు?"

సుబ్బారావు కళ్లు తెర మీదికి పోయాయి.

"నాలుగో రీల్లోనే ఇద్దరూ బల్ల మీద పక్కపక్కన కూర్చున్న షాటుండాది. సోమవారం నా లిస్టులో ఆకరిగా రాసింది అదే. అది చూపిస్తే ఎవురికైనా తెలుస్తాది ఇద్దరని. అదెందుకు తీసేసినారు?"

అతని చేతిలో పెన్సిలు ఆగిపోయింది. "అది వాడొద్దన్నారు."

"ఎవురు?"

"అది తర్వాత. ముందు మీరు చెప్పండి. నూనె సూది సంగతి, నంబర్ల సంగతి ఏ కార్డు మీదా లేవు. నేను నాలుగు వారాలుగా ఈ కాగితాలతోనే కాపురం చేస్తున్నాను. మీకెలా తెలుసు?"

కిటికీ అవతల ఇంటికి డబ్బు పంపే ఎక్స్ఛేంజి ముందు జనం బారులు తీరి ఉన్నారు. వాళ్ల వెనక కొండ ఒకటి మొక్కా మోడూ లేకుండా ఎండలో నిలబడి ఉంది. ఇక్బాలున్నీసా ఆ కొండను చూసింది. లేదని ఇప్పుడైనా చెప్పొచ్చు. ఏదో విన్నానని, మా ఊరి దగ్గరి ఆస్పత్రే అని చెప్పి బయటపడొచ్చు. రెండేళ్లకోసారి కంపెనీ ఇచ్చే మెడికల్ ఫారంలో, ఈ జబ్బులు ఎప్పుడైనా వచ్చాయా అన్నచోట ప్రతిసారీ లేదని గీత పెడుతూనే వచ్చింది. ఇంకొక్కసారి లేదంటే పోయేదేమీ లేదు. అవునంటే ఉద్యోగం పోవచ్చు, పతాకా అనే లేబర్ కార్డు రద్దు చేసి విమానమెక్కించవచ్చు. ఎక్కి ఎక్కడికి పోవాలి? అక్కడ ఎవరున్నారు?

"ఆ పరిగెత్తే పిల్లని నేనే సార్" అంది.

సుబ్బారావు కుర్చీ వెనక్కి జరిగింది. అతను కావాలని జరపలేదు. కాళ్లే నేలను తన్నాయి. కుర్చీ చక్రాలు ఒక జానెడు దొర్లి ఆగాయి. అతని చెయ్యి బల్ల మీద ఆమె గ్లాసు పక్కనే ఉంది. ఆ చెయ్యి కూడా వెనక్కి పోయింది.

ఆ జానెడు దూరాన్ని ఇక్బాలున్నీసా చూసింది. బతుకంతా దీనికోసమే ఎదురు చూస్తున్నట్టనిపించింది. వచ్చేసింది, ఇక రావడానికేమీ లేదు.

"భయపడాల్సిన పని లేదు సార్. యాబై ఏడులోనే బాగైపోయిందని కాగితమిచ్చి పంపించినారు. మీ ఫిల్ములోనే చెప్తాండారు గదా, మాత్ర వేసుకుంటే ఎవురికీ అంటదని."

సుబ్బారావు ముఖం చెవులదాకా ఎర్రబడింది. ఆ మాట రాసింది అతనే. కుర్చీని ముందుకు లాక్కుని, అంతకుముందు కంటే దగ్గరగా కూర్చున్నాడు. "క్షమించండాపా" అన్నాడు మెల్లగా. "నేను... చెప్పండి. ఆ రెండో పిల్ల ఎవరు?"

"కాశమ్మ."

ఆ పేరు పైకి పలికి ఎన్నేళ్లయిందో. అజ్మత్‌కు కూడా ఈ పేరు చెప్పలేదు. తన జబ్బు సంగతి చెప్పింది గానీ, ఇది చెప్పలేదు.

"పోరుమామిళ్ల వైపు పిల్ల. నాకంటే ఒక ఏడు పెద్ద. ఇద్దరినీ ఒకే నెల తెచ్చి వదిలిపెట్టినారు. నన్ను మా నాయన, దాన్ని ఎవురో బండోడు. పక్కపక్క మంచాలు. నేను ఏడిస్తే నా మంచంలోకొచ్చి పండుకునేది. సోమవారం, గురువారం నర్సమ్మ వచ్చి నా నోట్లో తెల్లమాత్ర వేసేది. కాశమ్మకు సూది. సూది వేసినచోట కాయలు కాసి, చీము పట్టి, కూర్చోలేక నిలబడే అన్నం తినేది. ఏమ్మీ, మాకు మాత్ర ఎందుకియ్యరు అనేది. నాకేం తెలుసు? ఒక గురువారం మాత్ర మింగకుండా దవడలో పెట్టుకుని, నర్సమ్మ పోయినాక దానికిచ్చినా."

సుబ్బారావు పెన్సిలు బల్ల మీద పెట్టేశాడు.

"పదకొండు మాత్రలిచ్చినా సార్. ఒకటి విడిచి ఒకటి. నాకు అప్పటికే మచ్చలు మానిపోతాండాయి. దాని నుదుటి మీద గడ్డలు మెత్తబడినాయి. మందు పరీక్ష చేసే కెమెరా దొర చూసి ఎగిరి గంతేసినాడు. నూనె సూదికి గూడా గుణమొస్తాందని. పుస్తకంలో రాసుకున్నాడు. మూడు వారాలు ఫోటోలు తీసినాడు. తర్వాత ఆయనకే అనుమానమొచ్చింది. పెద్ద నర్సమ్మ నన్ను ఆఫీసులోకి పిలిచింది. నిజం చెప్తే మీ నాయనకు జాబు రాసి ఇంటికి పంపిస్తాము అన్నది."

అక్కడ ఆగింది. సుబ్బారావు టీ గ్లాసు ఆమె చేతికి అందించాడు. టీ చల్లారిపోయి పైన మీగడ కట్టింది. ఆమె దాన్ని తాగకుండా పట్టుకుని కూర్చుంది.

"చెప్పేసినా. ఇంటికి పోవాలని చెప్పేసినా. పరీక్ష చెడిపోయిందని దొరకు కోపమొచ్చింది. మర్నాడు పొద్దున్నే కాశమ్మను పంపించేసినారు. యాడికని ఎవురూ చెప్పలేదు. ఎద్దులబండి కట్టినారు. నేను నీళ్ల తొట్టి దగ్గరుండా. అది బండి వెనక కూర్చుని నన్నే చూస్తాండాది. నన్ను తిట్టలేదు. ఒక్క మాట అనలేదు. బండి గేటు దాటుతాంటే నేను పరిగెత్తినా."

సుబ్బారావు తల తిప్పి తెర వైపు చూశాడు. తెర మీద బొమ్మ ఆగిన చోటే ఉంది. చేతులు చాచి, నోరు తెరిచిన పిల్ల.

"దొర ఆ పొద్దు వరండాలో కెమెరా పెట్టుకుని ఉండాడు. వేరే ఏందో తీస్తాన్నట్టుంది. నేను అడ్డంగా పరిగెత్తేసరికి ఇటు తిప్పినాడు. బండి మీ బొమ్మలో లేదు సార్. ఇదో, ఇటు పక్క, మీ తెర అంచు దాటినాక ఉండాది."

అతను క్యాసెట్టు వెనక్కి తిప్పాడు. శబ్దం మీట తగ్గించాడు. వయొలిన్లు పోయాయి, ఇంగ్లీషు గొంతు పోయింది. గదిలో ఏసీ మోత ఒక్కటే మిగిలింది. పిల్ల పరుగెత్తింది. నోరు తెరుచుకుంది, మూసుకుంది, మళ్లీ తెరుచుకుంది. అతను బొమ్మను మెల్లగా నడిపాడు. తెరుచుకున్నప్పుడు పెదవులు పక్కలకు సాగలేదు, గుండ్రంగా విచ్చుకున్నాయి. ఆ తర్వాత రెండు పెదవులూ కలుసుకుంటున్నాయి. కా... శ... మ్మా. మెడ నరాలు తాళ్లలా ఉబ్బి ఉన్నాయి. పాదం ఏదో రాతికి తగిలి తూలింది. పడకుండా నిలదొక్కుకుని, తెర అంచు దాటి వెళ్లిపోయింది. తర్వాత కొంచెంసేపు ఖాళీ ఆవరణ, దుమ్ము.

సుబ్బారావు మూడుసార్లు చూశాడు. మూడోసారి చూశాక కళ్లజోడు తీసి చొక్కా అంచుతో తుడవసాగాడు.

"నాలుగు వారాలు" అన్నాడు. "నాలుగు వారాలుగా రోజుకి పదిసార్లు చూస్తున్నానాపా. నవ్వనే అనుకున్నాను."

"శబ్దం లేదు గదా సార్" అంది ఇక్బాలున్నీసా. అతన్ని ఓదారుస్తున్నట్టే ఉంది ఆ మాట.

"మరి కాశమ్మ?"

"ఏడాది తిరక్కముందే పోయిందని నర్సమ్మ చెప్పింది. నేను ఇంటికి పోయేదానికి ముందు. ఎట్ల, యాడ అని అడగడానికి నాకు నోరు రాలేదు."

సుబ్బారావు నుదుటి మీద కొత్త ముడత ఒకటి పడింది. లేచి గదిలో అటూ ఇటూ నడిచాడు. బల్ల దగ్గరికొచ్చి సొరుగు తెరిచి, మళ్లీ మూశాడు.

"ఆపా, ఒక సంగతి అడుగుతాను, ఏమీ అనుకోవద్దు. మీ నాన్నగారి పేరేవిటి?"

"షేక్ మౌలాలి. ఎందుకు సార్?"

"ఊరు?"

"మైదుకూరు దగ్గర."

అతను ఈసారి సొరుగు పూర్తిగా లాగి, మడత పెట్టిన ఫ్యాక్స్ కాగితం తీశాడు. చేతిలో పెట్టుకుని నిలబడ్డాడు గానీ ఇవ్వలేదు. "ఇది పది రోజుల కింద వచ్చింది. రీళ్లు పంపిన సంస్థ వాళ్లు రాశారు. శనివారం స్టేజీ మీద చెప్పేదాకా ఎవరికీ తెలియనివ్వొద్దన్నారు. ఫిల్ములో బాగైన పిల్లను వాళ్లు ఇండియాలో వెతికి పట్టుకున్నారట. బతికే ఉంది. ఫిల్ము వేశాక ఆవిణ్ణి స్టేజీ ఎక్కించి డాక్టర్లకు చూపిస్తారు. ఆవిడ ఒప్పుకుని సంతకం చేసిన కాగితం ఇదే. పేరు చూసి నేను నవ్వుకున్నాను కూడా, మన ఆపా పేరేనే అని. కడప వైపు ఆ పేరు మామూలేమో అనుకున్నాను."

కాగితం ఆమె ముందు పెట్టాడు.

ఇంగ్లీషు టైపు అక్షరాల కింద, వంకర తెలుగు అక్షరాలతో సంతకముంది. ఫ్యాక్స్‌లో సగం చెరిగినా చదవొచ్చు. షేక్ ఇక్బాలున్నీసా. తండ్రి షేక్ మౌలాలి. ఊరు మైదుకూరు దగ్గర. కేసు నంబరు ముప్పై ఒకటి. పక్కనున్న ఫోటో మాత్రం నల్లటి మరకలా అచ్చయింది. తలకు ముసుగుందని తప్ప ఏమీ తెలియడం లేదు.

ఇక్బాలున్నీసా తన పేరును రెండుసార్లు చదువుకుంది. ఎవరో తన బట్టలు కట్టుకుని ఎదురుగా నిలబడినట్టుంది.

"కింద చూడండి" అన్నాడు సుబ్బారావు. "ఒక షరతు పెట్టింది. ఫిల్ములో తన పక్కన బల్ల మీద కూర్చున్న పిల్లను మాత్రం చూపించకూడదని. అందుకే ఆ షాటు తీసేశాను." గొంతు తగ్గించాడు. "ఒకే పేరు, ఒకే తండ్రి, ఒకే నంబరు. మనుషులేమో ఇద్దరు. నేనెవర్ని నమ్మాలాపా?"

ఆ ప్రశ్న ఆమెకు వినబడలేదు. బల్ల మీద తన పక్కన ఇంకో పిల్ల కూర్చుందని తెలిసినవాళ్లు లోకంలో ఎంతమంది? దొర ముసలితనంతో పోయి ఉంటాడు. నర్సమ్మలూ అంతే. తన తండ్రి పేరు, ఊరు, నంబరు, మూడూ గుర్తుపెట్టుకోగలిగినవాళ్లు? రాత్రుళ్లు పక్క మంచం మీద పడుకుని, తన చేత ఆ మూడూ చెప్పించుకుని, మరిచిపోతే మీ నాయన నిన్ను ఎట్ల కనుక్కుంటాడమ్మీ అని మందలించిన మనిషి ఒక్కతే. మాత్ర కావాలంటే ఈ పేరే చెప్పుకోవాలని తెలిసిన మనిషి కూడా ఆ ఒక్కతే.

"యాడుండాది ఈ మనిసి?" అని అడిగింది.

"మొన్ననే వచ్చింది. మత్రాలో, సముద్రం ఒడ్డున హోటల్లో దింపారు. మీ ఇంటికి పది నిమిషాల దూరం. మీకు జ్వరం లేకపోతే ఎయిర్‌పోర్టుకు మిమ్మల్నే పంపేవాణ్ణి. తెలుగు తప్ప ఆవిడకేమీ రాదట. రెండు రోజులుగా గదిలో ఒక్కతే కూర్చుందని ఆర్గనైజర్లు నిన్న కూడా ఫోన్ చేశారు, మాట్లాడ్డానికి ఎవరైనా ఉన్నారా అని."

రెండు రోజులు. తాను గంజి గ్లాసు చూస్తూ కూర్చున్న ఆ రెండు రోజులూ.

"ఫోన్ కలపండి సార్."

సుబ్బారావు ఒక్క క్షణం తటపటాయించి నంబరు తిప్పాడు. గది నంబరు చెప్పాడు. మోగుతుండగానే రిసీవరు ఆమె చేతికిచ్చి, తాను కిటికీ దగ్గరికి పోయి అటు తిరిగి నిలబడ్డాడు.

చాలాసేపు మోగింది. ఇక ఎత్తరనుకునేసరికి టక్కుమని శబ్దమైంది. ఫోను వాడడం అలవాటు లేని మనిషి రిసీవరును తలకిందులుగా పట్టుకుని సరిచేసుకున్న చప్పుడు.

"ఎవురు?"

ముసలి గొంతు, జీర గొంతు. గుర్తుపట్టడానికి అందులో ఏమీ లేదు.

"ఎవురు మాట్లాడేది? పేరు చెప్పరాదా?"

ఏ పేరు చెప్పాలి? తన పేరు అవతల ఉంది. ఆ పేరు పెట్టుకుని ఒక మనిషి ముప్పై ఏళ్లకు పైగా బతికింది. దాన్ని ఇప్పుడు లాక్కోవడానికి నోరు రాలేదు. పెదవుల మీదికి వేరే పేరు వచ్చింది.

"కాశమ్మను" అంది.

అవతల ఊపిరి ఆగింది. సుబ్బారావు గిరుక్కున వెనక్కి తిరిగాడు. ఫోనులో, దూరంగా, మత్రా రేవులో ఓడ కూత ఒకటి వినిపించి పోయింది. తర్వాత అవతలి గొంతు మారింది. ఊరి మనుషులు మంచం పక్కన మాట్లాడుకునే గొంతయింది.

"కాశమ్మ సచ్చి ముప్పై ఏడేండ్లయింది. ఎవురన్నా పేరు అడిగితే వణికిపోయి ఇంకోరి పేరు చెప్పేది, నేనెరిగినోళ్లల్లో ఒక్కతే ఉండాది. ఆఫీసులోకి పిలిచి అడిగినప్పుడు గూడా అట్లనే చెప్పింది నా పేరు." ఊపిరి పీల్చుకుంది. "యాడుండావు అమ్మీ నువ్వు?"